పిన్ని ఒలకబోసిన నీళ్ళు

"మామ్మగారూ, మా పాప మళ్ళీ పక్క తడుపుతోందండీ. ఆరేళ్ళొచ్చాయి. ఇవాళ పొద్దున కొట్టేశాను. తర్వాత నాకే ఏడుపొచ్చింది."

కొట్టావా? అయ్యో. ఇలా కూర్చో సునీతా. తిట్టడానికి కాదులే. నా సంగతొకటి చెబుతాను, నా పిల్లలక్కూడా చెప్పలేదిది.

మా అమ్మ పోయేటప్పటికి నాకు ఏడేళ్ళు. కాదు కాదు, ఎనిమిది, మూడో క్లాసు. గూడూరు దగ్గర పల్లె మాది. నాన్న చర్చి స్కూల్లో మాస్టారు. అమ్మ పోయిన వారంనుంచీ పక్క తడపడం మొదలైంది, అంతకుముందు లేదు. నాయనమ్మ చెడ్డది కాదమ్మా, కానీ ఆవిడకి తెలిసిన మందు ఒక్కటే, సిగ్గు. తడిసిన బొంత నా చేతే మోయించి వీధివైపు కంచెమీద ఆరేయించేది. బడికెళ్ళే పిల్లలందరూ ఆ దారినే కదా. సాయంత్రమైతే మంచినీళ్ళు తాగడం మానేశాను. అయినా తడిసేది.

ఏడాదికి నాన్న మళ్ళీ పెళ్ళి చేసుకున్నారు. గుడివాడ అమ్మాయి. పిన్నీ అనమన్నారు. ఇరవయ్యేళ్ళుంటాయేమో, సన్నగా ఉండేది, వాళ్ళ ఊరి రైళ్ళ కబుర్లు తెగ చెప్పేది... సరే, అదలా ఉంచు. వచ్చిన మూడోరోజు పొద్దున, నేను లేవకుండా తడిమీదే ముడుచుకుని పడుకున్నాను. చూసింది. తలవైపున్న మరచెంబు తీసి నీళ్ళన్నీ బొంతమీద కుమ్మరించేసింది. నాయనమ్మ వస్తే, "నా చెయ్యి తగిలి ఒలికిపోయాయి అత్తయ్యా" అంది. కొత్త కోడలు చూడు, ఎన్ని చీవాట్లు తిందో. తల వంచుకుని అన్నీ పడింది.

తర్వాత పెరట్లో నాకు వేడినీళ్ళు పోస్తూ మెల్లగా చెప్పింది. "పదేళ్ళొచ్చేదాకా నేనూ తడిపేదాన్ని. దానంతటదే పోయింది. నీకూ పోతుంది."

అప్పుడు ఏడ్చాను. అమ్మ పోయినప్పుడు కూడా అంత ఏడవలేదు.

వెంటనే ఏం పోలేదు. ఇంకో ఏడాది పట్టింది. రోజూ నాయనమ్మ లేవకముందే బొంత మార్చేసేది. ఒక్కనాడూ విసుక్కోలేదు. ఎప్పుడు ఆగిందో నాకే తెలీదు. చాన్నాళ్ళకి, నా పెళ్ళిలో, పిన్ని పదేళ్ళదాకా తడిపేదట కదా అని వాళ్ళమ్మగారిని అడిగాను. ఆవిడ నవ్వి, పిన్ని మూడేళ్ళకే మానేసిందమ్మా అన్నారు.

అబద్ధం, విన్నావా. నాకోసం ఆడింది.

పిన్ని పోయి నాలుగేళ్ళయింది. ఇక్కడే, బందర్లో. బతికున్నన్నాళ్ళూ పిన్నీ అనే పిలిచాను. అమ్మా అనమని ఆవిడా అడగలేదు, నాకూ ఎందుకో నోరు రాలేదు. ఇప్పుడొస్తోంది. పొద్దున్నే లేవగానే అమ్మా అని వచ్చేస్తోంది, పలికేవాళ్ళే లేరు.

సర్లే, వెళ్ళు. పాప బడినుంచి వచ్చే వేళైంది. డాక్టరుగారికీ ఓసారి చూపించు, తప్పేం కాదు. ముందైతే దగ్గరికి తీసుకో. చల్లగా ఉంటుంది నీ చిట్టితల్లి, నువ్వూ చల్లగా ఉండు...