ఎందుకమ్మగారి ఆరోగ్యానికి కారణం ఇదిగో

సామ్రాజ్య శకం రెండు వందల పదకొండవ సంవత్సరం, వసంతకాలపు తొలి సోమవారం నాడు, మన కాలశాస్త్ర శాఖలోని పూర్వఫల విభాగంలో సహాయ పరీక్షకురాలిగా, ఈ సాయంత్రం పదవీ విరమణ చేస్తున్న మన ప్రధాన పరీక్షకురాలుగారు పదవీ బాధ్యతలు స్వీకరించారు. అంతకు ముందు శుక్రవారమే ఆ ఖాళీ బల్ల మీద టీ గ్లాసు మరక ప్రత్యక్షమైందనీ, అటెండరు దాన్ని చూసి "ఎవరో గట్టి టీ తాగే మనిషే వస్తున్నారు" అని ఊరంతా చాటాడనీ మా సీనియర్లు ఈనాటికీ ముచ్చటగా చెప్పుకుంటారు.

ఈ వీడ్కోలు సంచిక చదివే బంధుమిత్రుల సౌకర్యార్థం ఒక్క మాట. మన సామ్రాజ్యంలో కొన్ని ఫలాలు తమ కారణాల కంటే ముందే వచ్చి కూర్చుంటాయి. రాయి విసరక మునుపే అద్దం పగులుతుంది. అటువంటి ఫలానికి కారణం ఒక్కటే ఉంటుంది, అది ఏడాదిలోగా రావాలి. రాకపోతే ఫలం చెరిగిపోయి, పగిలిన అద్దం మళ్ళీ అతుక్కుంటుంది. ఫలం దగ్గర పెట్టిన కాలమాపకంలో ముల్లు పైకి లేస్తుంది, కారణం అందగానే సున్నాకు దిగుతుంది. రాబోయే కారణమేమిటో ముందుగా పసిగట్టడమే మన విభాగం పని.

ఆ పనిలో వారు చూపిన నిష్ఠ అనన్యసామాన్యం. ఏ నివేదిక ఇచ్చినా "ఎందుకు?" అని అడగనిదే సంతకం చేసేవారు కారు. విసిగి వేసారి మేమంతా చాటుగా 'ఎందుకమ్మగారు' అని పేరు పెట్టుకున్నాం. అది చెవిన పడిన రోజున వారు నవ్వి, "ఎందుకలా అంటారు?" అని అడిగారు. ఇంకేం చెబుతాం!

ప్రధాన పరీక్షకురాలిగా పదోన్నతి పొందిన కొద్ది కాలానికే పిల్లల ఆసుపత్రి ఉదంతం జరిగింది. పొడిగా ఉన్న వార్డు గోడల మీద, ఛాతీ ఎత్తున, బురదనీటి చారిక తెల్లవారేసరికి ప్రత్యక్షమైంది. వరద వస్తుందని ఊరు ఊరంతా మూటాముల్లె సర్దుకుంది. డైరెక్టరుగారంతటి వారే చేతులెత్తేశారు.

"చారిక పడింది, ఒప్పుకుంటాను సార్. దానికి వరదే రావాలని ఎవరన్నారు? ఆ కారణం చోటు మనమే నింపేస్తే వరదకి ఇక్కడేం పని?" అన్నారు వారు.

పిల్లలను పక్క భవనానికి తరలించి, వార్డు తలుపులు బిగించి, అగ్నిమాపక బండ్లతో బురదనీళ్ళు తోడిపోయించారు. నీళ్ళు చారికను అందుకున్నాయో లేదో, ముల్లు సున్నాకు దిగింది. ఆ ఏడు నది కట్ట దాటలేదు. పిల్లలు మాత్రం కిటికీల్లోంచి "ఇంకోసారి పోయండి!" అని ఒకటే గోల. కారణం కోసం కాచుకు కూర్చునే శాఖ, కారణాన్ని స్వయంగా సమకూర్చే శాఖగా మారింది ఆనాడే. ఈ ఘనత ముమ్మాటికీ వారిదే.

కిందటేడు వారికి ప్రాణం మీదికి వచ్చింది. వైద్యులు ఆశ వదులుకున్నారు. మేము ఆసుపత్రి వరండాలో నిలబడి ఉండగా, వారు మంచం మీద లేచి కూర్చుని టీ అడిగారు! "మేమేం చెయ్యలేదండీ. ఎలా తగ్గిందో మాకే అంతుబట్టడం లేదు" అన్నారు డాక్టరుగారు. అనుమానంతో కాలమాపకం తెప్పించి మంచం పక్కన పెట్టాం. ముల్లు నిటారుగా లేచింది.

ఆ ఆరోగ్యానికి కారణం ఇంకా రాలేదన్నమాట. నర్సుగా పనిచేస్తున్న వారి అమ్మాయి నన్ను పక్కకు పిలిచింది.

"బాబాయ్, ఏడాదిలో కారణం దొరక్కపోతే అమ్మకి జబ్బు తిరగబెడుతుందా?"

"అంతవరకూ రానివ్వం తల్లీ" అన్నాను.

తమ కేసు తామే చూడటానికి నిబంధనలు ఒప్పుకోవు గనుక ఆ భారం నా మీద పడింది. మందులు మార్పించాం, గాలి మార్పు అన్నాం, పెద్ద పెద్ద నిపుణులను రప్పించాం. ముల్లు ఇసుమంతైనా కదలలేదు. జబ్బు ఒంటిదే కదా, కారణమూ ఒంటికి సంబంధించినదే అయి ఉంటుందని మా బుర్రలకు తోచింది. వారు మాత్రం రోజూ వేళకు ఆఫీసుకు వచ్చి, "ఏం తమ్ముడూ, నన్ను బతికించే ఉద్దేశం ఉందా లేదా?" అని నన్ను ఆటపట్టించేవారు. నవ్వలేకా, ఏడవలేకా చచ్చేవాణ్ణి.

గడువు సరిగ్గా ఈ పదవీ విరమణ సాయంత్రంతో తీరుతుంది. కిందటి వారం ఈ వ్యాసం రాసే బాధ్యత అప్పగించినప్పుడు, నాకు మొదట తోచింది చివర రాసే మాటే. సరిగ్గా కుదిరిందో లేదోనని వారింట్లో, వారి అమ్మాయికి పైకి చదివి వినిపించాను. ఏడాదిగా వారింటి బల్ల మీదే ఉన్న కాలమాపకంలో ముల్లు వణికి ఒక గీత కిందికి జారింది.

"బాబాయ్! మళ్ళీ చదవండి!"

ఈసారి ఇద్దరం కలిసి చదివాం. ముల్లు ఇంకాస్త దిగింది. ఆ పిల్ల నా చేతులు పట్టుకుని భోరుమంది, నేనూ ఏడ్చేశాను, చెప్పుకోవడానికి సిగ్గేమీ లేదు. ఎన్ని గొంతులు కలిస్తే ముల్లు అంత దిగుతుందని తేలిపోయింది. డైరెక్టరుగారు హోదా మరచి, గది గదికీ స్వయంగా తిరిగి, "సాయంత్రం అందరూ హాల్లో ఉండాలి, ఒక్కరు తగ్గినా ఊరుకోను" అని చెప్పి వచ్చారు.

కావున సహోద్యోగులారా, బంధుమిత్రులారా, ఇటువంటి వ్యాసాల చివర ఆనవాయితీగా రాసే మాటను ఈ ఒక్కసారి మొక్కుబడిగా చదవకండి. లేచి నిలబడి, గొంతెత్తి, మనసారా నాతో కలిసి అనండి:

అమ్మా, మీరు ఆయురారోగ్యాలతో నిండు నూరేళ్ళూ చల్లగా ఉండాలి. కిందటేడు మిమ్మల్ని బతికించింది ఈ మాటే.