గుమ్మంలో అపరిచితురాలు

గుమ్మం దగ్గరి కెమెరా ఆ సాయంత్రం ఆ ఇంటి ఇల్లాలినే ‘అపరిచిత వ్యక్తి’ అని ప్రకటించింది. ఆమె తాళంచెవితో తలుపు తీసుకుని, భర్త దగ్గరికి పరుగున వచ్చింది.

“ఏమండీ, కెమెరాలోంచి నా ఫొటో ఎవరో తీసేశారు! తలకు దెబ్బ తగిలాక మీరు మొహాలు గుర్తుపట్టలేకపోతున్నారనేగా దాన్ని పెట్టించాం? రేపు ఎవత్తో వచ్చి ‘మీ ఆవిడని’ అంటే?”

“మీసాలుంటే నువ్వు కాదని తెలుస్తుందిలే.”

“వేళాకోళం చాలు. ఇంట్లో ఉండేది మనిద్దరం. నేనైతే తియ్యలేదు.”

“నేనే తీసేశానే. ‘మీ భార్య వచ్చింది’ అని అది చెప్పేస్తుంటే, సరే అనుకుని కూర్చుండిపోతున్నాను. పెళ్లయిన కొత్తలో మెట్ల మీద నీ అడుగుల చప్పుడుకే లేచొచ్చేవాణ్ణి. మొహం ఎలాగూ పోయింది. కనీసం ఆ చప్పుడు విని, నువ్వేనని నా అంతట నేను గుర్తుపట్టాలనుంది.”