రెండు పేర్లూ లేని అట్ట

కూర్చో అమ్మాయ్. ఆ కుర్చీ కాదు, దాని కాలు ఊగుతుంది. కాఫీ తర్వాత పెడతాలే, ముందు ఆ అట్ట ఇటివ్వు. ఇది అచ్చయింది కాదు, అసలుది, చేత్తో వేసింది. ఎక్కడ దొరికింది నీకు? పాత సామాన్ల సంతలోనా? ఊఁ. దీని మీద రాసినవాళ్ల పేరెందుకు లేదనేగా అడిగావు. నలభై సంచికలొచ్చాయి, ఒక్కదాని మీదా లేదు. చెబుతా. ఆ సొరుగులో చిన్న బ్లేడుంటుంది, అది కూడా అందుకో. చేతిలో ఏదో ఒకటి లేకపోతే నాకు మాట రాదు. మా అక్కకి, అదే మీ అమ్మమ్మకి, తెలుసు ఆ సంగతి, చిన్నప్పుడు నన్ను మాట్లాడించాలంటే చేతికి చిక్కుడుకాయలిచ్చేది వలవమని.

నా పని తుడవడం. బొమ్మలేసేవాళ్లు వేరు, కథలు రాసేవాళ్లు వేరు, నేను తెల్లరంగు పూసి చెరిపేవాణ్ని. పిల్లల పుస్తకాల్లో ఏముందో చూడ్డానికి పారిస్‌లో ఒక కమిటీ ఉండేది. వాళ్లకి పిస్తోలు కనబడకూడదు, రాక్షసుడికి కోరలుండకూడదు, ఆడమనిషికి మోకాళ్లుండకూడదు. వాళ్ల దగ్గర్నుంచి ఉత్తరమొస్తే మా యజమాని గ్రంజాన్‌కి కడుపునొప్పి. అందుకని ఉత్తరం రాకముందే నాచేత తుడిపించేవాడు. పిస్తోలు తుడిచేస్తే మిగిలేదేంటి? చాచిన చెయ్యి. మా వీరుడు వేలు చూపిస్తాడు, అవతలివాడు దభీమని పడిపోతాడు. పిల్లలేమీ అనుకునేవాళ్లు కాదు. గ్రెనోబుల్ నుంచి ఒకడు మాత్రం ఉత్తరం రాశాడు, అలాంటి వేలు ఏ కొట్లో దొరుకుతుందని.

ఎక్కడున్నాం? ఆఁ, దీన్ని రాసిన పెలిసియే దంపతులు. అర్మాన్, సోలాంజ్. మా ఊళ్లోనే, క్ర్వా రూస్ కొండ మీద, ఐదో అంతస్తులో ఉండేవాళ్లు. రాకెట్ల కథల పత్రిక ఒకటుండేది, దానికి సమీక్షలూ ఇంటర్వ్యూలూ రాసేవాళ్లు, మాకేమో బొమ్మల కథలు. ఇద్దరికీ ఒకటే టైపురైటరు. కేకు తిప్పుకుంటూ కోయడానికి గుండ్రటి పీట ఉంటుందే, దాని మీద పెట్టి బల్ల మధ్యలో ఉంచారు. ఈయన ఇటు, ఆవిడ అటు. ఈయనకి ఎక్కడాగిపోతే అక్కడ పీట తిప్పేస్తాడు, వాక్యం సగంలో ఉన్నా సరే. ఒకసారి భోజనానికి పిలిచారు నన్ను. సాసేజీ, ఉడకేసిన బంగాళాదుంపలు. తింటున్నప్పుడు కూడా అది తిరుగుతూనే ఉంది. అర్మాన్ ఒక గుక్క వైన్ తాగి, "చంద్రుడి మీద ఇరుక్కుపోయారు, కాస్త బయటికి తియ్యి" అన్నాడు. "ఇరికించేది నువ్వు, తియ్యాల్సింది నేనూ. ఇంట్లో గిన్నెల్లాగే" అంటూ ఆవిడ తనవైపు తిప్పుకుంది. తీసింది కూడా.

కానీ పేరు ఒక్క అర్మాన్‌దే వేసేవాళ్లు. పత్రికలోనూ అంతే, మా దగ్గరా అంతే. తొమ్మిదేళ్లు. ఎవరూ దురుద్దేశంతో చేసింది కాదు, అలా జరిగిపోయేది. ఏంటీ? కనబడని శ్రమ అంటారా దాన్ని? సరే, రాసుకో. మాకు అప్పుడా మాట తెలీదు. పని మాత్రం తెలుసు.

ఒకరోజు ఆవిడ మా పనిగదికి వచ్చి నా వెనకాల నిలబడింది. ఒక్క పేజీలో పదకొండు పిస్తోళ్లు తుడుస్తున్నా. ఒక్కోదానికి ఎంతసేపు పడుతుందని అడిగింది. మామూలుదైతే ఐదు నిమిషాలు, పొగ వస్తుంటే పది అన్నాను. ఇంటికెళ్లి కొత్త వీరుణ్ని కనిపెట్టింది. ఇదిగో ఈ అట్ట మీదున్న మనిషే. గ్రహాలు కొలిచే సర్వేయరు. చేతిలో టేపు తప్ప ఏమీ ఉండదు. రెండు పక్షాలు కొట్టుకుచస్తున్న చోట దిగుతాడు, టేపు పరిచి సరిహద్దు కొలుస్తాడు, అందరితో మాట్లాడి విసిగించి, సంధి చేయించి వెళ్లిపోతాడు. మొదటి సంచికలో నేను తుడవాల్సింది ఒక్కటీ లేదు. రెండురోజులు కిటికీలోంచి వీధి చూస్తూ కూర్చున్నా.

దీనికి ఆవిడ ఒక్కటే అడిగింది, అట్ట మీద రెండు పేర్లూ ఉండాలని. గ్రంజాన్ ఆవిడ మొహం మీదే సరేనన్నాడు. అక్షరాలు కూడా రాయించారు, కింద కుడివైపు మూలలో, 'సోలాంజ్, అర్మాన్ పెలిసియే' అని. మంగళవారం గ్రంజాన్ అట్ట తెచ్చి నా బల్ల మీద పెట్టి, "ఆవిడ పేరు తీసెయ్, ఫావ్రే. కుర్రాళ్లు కొనేది రాకెట్ల పుస్తకం, కుట్టుపని పుస్తకం కాదు" అన్నాడు.

తీసేశాను. ఏడు నిమిషాలు పట్టింది.

మర్నాడు అట్ట చూడ్డానికొచ్చింది. టోపీ పెట్టుకొచ్చింది, మామూలుగా పెట్టుకోదు. ఆ మూల మీద వేలు పెట్టి చూసింది. ఆ పొద్దునే రెండో పూత వేశాను, ఇంకా ఆరలేదు, చేతితొడుగుకి తెల్లరంగు అంటుకుంది. దానివంక చూసి, "మీకు పదకొండు పిస్తోళ్ల పని తప్పించాను, మోసియే ఫావ్రే. ఖాళీగా ఉండలేక ఇది తుడిచారా?" అంది.

యజమాని చెప్పారు మేడమ్ అన్నాను. అలా చూడకు. ఆ మాటకి మీ సంఘం కరపత్రాల్లో ఏం రాసుంటుందో నాకు తెలుసు, నిరుడు నువ్వే చదివి వినిపించావు, అన్యాయానికి చేతులు అరువిచ్చేవాళ్లు అని. నిజమే కావచ్చు. ఇచ్చినవాణ్ని నేనే.

మధ్యాహ్నం అర్మాన్ వచ్చాడు. అరవలేదు. నా బల్ల దగ్గరికొచ్చి, "నాది కూడా తుడవండి" అన్నాడు. గ్రంజాన్ పరిగెత్తుకొచ్చాడు, ఏంటయ్యా ఇది, సమీక్షకుడిగా నీకు పేరుంది, జనం గుర్తుపడతారు అని. అర్మాన్ సంచిలోంచి రెండో సంచిక కాయితాలు తీసి ఆయన చేతిలో పెట్టాడు. ప్రతి వాక్యం సగంలో ఆగిపోయి ఉంది. "నా ఒక్కడి పేరుకి నా ఒక్కడి రాత" అన్నాడు. గ్రంజాన్ రెండు పేజీలు చదివి, నావైపు తిరిగి తలూపాడు. తుడిచాను. అదీ సంగతి. నలభై సంచికలు అలాగే వెళ్లాయి. మొదటిదానికి పత్రికలో అర్మానే సమీక్ష రాశాడు. రాసినవాళ్లెవరో తెలీదుగానీ సగం అద్భుతంగా ఉంది, మిగతా సగం ఆమె భర్త రాసినట్టుంది, అని. గ్రంజాన్ ఆ పత్రిక చదివేవాడు కాదులే.

డెబ్బై ఒకటిలో అర్మాన్ పోయాడు. కథ మధ్యలో ఆగిపోయింది, సర్వేయరు ఇప్పటికీ ఏదో గ్రహం మీద టేపు పట్టుకుని నిలబడే ఉన్నాడు. ఆవిడ ఇంకో పదకొండేళ్లు బతికింది. మళ్లీ ఏమీ రాయలేదు. కొత్త సంవత్సరానికి మాత్రం ప్రతిసారీ నాకు కార్డు పంపేది. రెండు మంచిమాటలుండేవి, సంతకం ఉండేది కాదు. మొదటిసారి మర్చిపోయిందనుకున్నా.

పదకొండు కార్డులు. ఆ సొరుగులోనే ఉన్నాయి, బ్లేడు పక్కన. చూసే ఉంటావు.

ఇటు రా. దీపం కాస్త దగ్గరికి జరుపు. తెల్లరంగు గీకుతూనే ఉన్నానుగా ఇంతసేపూ, ఆవిడ పేరులో మొదటి మూడు అక్షరాలు బయటికొచ్చాయి చూడు. సిరా చెక్కుచెదరలేదు. ఇక నువ్వు పట్టు బ్లేడు. పడుకోబెట్టి పట్టు, అడుగు కాయితం లేవకూడదు.

అటు కాదు. ఆయనది తర్వాత.