గోడ మీద చెయ్యి

ఆ తాళమేసిన ఇల్లా? ఇటు రా అనిల్, కుడి పక్కకు వచ్చి అడుగు, ఎడమ చెవి ఉత్తదే. కూసో. కిరాయికి దొరుకుతది, కని ఎవ్వరు ఎక్కువ దినాలుండరు. అది యాదగిరన్నది. నువ్వు హత్నూరకెల్లి బీరంగూడకు వచ్చి మూడు నెలలాయె, నీకెట్ల ఎరుక. ఆయన పోయి పదకొండేండ్లు. మా ఫ్యాక్టరీ క్యాంటీన్ల వంట చేసెటోడు. ఆయన ఉప్మా కోసం నేను ప్రెస్ షాపుకెల్లి ఉరికెటోన్ని. ప్రెస్సంటే మీ కంపెనీల బొమ్మ మిషన్లు కావు, ఒక్క దెబ్బకు రేకు వంగి బండి డోరయ్యేది, కాళ్ల కింద నేల ఎగిరేది. ముప్పై ఒక్క ఏండ్లు చేసిన. చెవులల్ల పెట్టుకొమ్మని దూది ఇచ్చేటోళ్లు, మేము దాంతోని చేతుల నూనె తుడుసుకునేది. ఏం చెప్తున్న? ఆఁ, యాదగిరన్న.

ఆయన భార్య నర్సింహమ్మ వదినెకు పక్షవాతం. ఉన్నది ఒక్కటే అర్ర, ఆ గోడ పక్కనే మంచం, ఇంకోదిక్కు ఏస్తె తలుపు తెరుసుకోదు. గోడ అవతల బాలరాజ్ బిల్డింగు, మా వరండ గోడ గూడ దానికే ఆనుకొని ఉన్నది. దాని మీద సెల్ టవర్ కంపెనీవోళ్లు స్తంభం నిలబెట్టి, కింద గోడ పొంటి జనరేటర్ పెట్టిండ్రు. అప్పట్ల కరెంటు దినానికి నాలుగు గంటలు పోతుండె. అది షురూ అయిందంటే వదినె ఉలికిపడి, మాట రాదు గదా, మంచిగున్న ఒక్క చేత్తోని గోడను కొట్టేది. యాదగిరన్న పోయి బతిమాలిండు, టవర్ తీయమంటలేను తమ్మీ, ఆ డబ్బా జెర అవతలికి జరపమను అని. నా చేతుల ఏమున్నదే అన్నా, అగ్రిమెంటైపోయింది అన్నడు బాలరాజ్. ఇగ సంగారెడ్డి కోర్టుల కేసు. మొదట్ల గల్లీ గల్లీ సంతకం పెట్టింది, ఒకలు క్యాన్సరొస్తదని, ఒకలు మీద పడతదని. ఫోన్లు మంచిగ పలుకుడు మొదలైనంక ఒక్కొక్కరే జారుకున్నరు. మా అన్న కొడుకు మహేష్ అయితే ఇంట్ల మంచం మీద పండుకొని మాట్లాడుకుంట, సిగ్నల్ ఫుల్లున్నది కాకా అన్నడు, సంతకం సంగతి అడిగితే మొఖం అటు తిప్పిండు. సాక్షిగ నేనొక్కన్నే మిగిలిన.

"శ్రీశైలం, నువ్వు బీయే చదివినోడివి, జడ్జి సాబ్ ముంగట నీ మాటకు విలువుంటది" అన్నడు యాదగిరన్న. ఎంత సంబురపడ్డనో. వకీలు ఏమేం అడుగుతరో రాసుకొని జవాబులు వరుసగ బట్టీ పట్టిన. అంగి ఇస్త్రీ చేయించిన. కని ఒక్క సంగతి చెప్పలే. ఆ జనరేటర్ చప్పుడు నాకెన్నడు వినబడలే. గోడ మీద చెయ్యి పెడితే అదురు తెలిసేది, గంతే. చెవులు పోయినయని నాకు నేనే ఒప్పుకోకపోతుంటి. మనుషులే ఈ మధ్య మెల్లగ మాట్లాడుతున్నరు అనుకునెటోన్ని.

కంపెనీ వకీలు చిన్న వయసోడు, నవ్వు మొఖం. చప్పుడు వినబడతదా అని గట్టిగనే అడిగిండు. వినబడతది సార్, నిద్ర పట్టదు అన్న. ఆయన రెండడుగులు ఎనకకు పోయి, కాయితం నోటికి అడ్డం పెట్టుకొని ఏందో అడిగిండు. నేను బట్టీ పట్టిన రెండో జవాబు చెప్పిన. మళ్ల అడిగిండు, మూడోది చెప్పిన. కోర్టు కోర్టు నవ్వింది. నవ్వుడు కనబడ్డది నాకు. ఆయన అడిగింది మా నాయిన పేరు, మా ఊరి పేరట. జడ్జి సాబ్ మాత్రం నవ్వలే, చెయ్యితోని దిగమని చూపెట్టిండు. నెలకు కేసు కొట్టేసిండ్రు.

ఆ దినం వాపసు వస్తుంటె బస్సుల పక్కపక్కన కూసున్నం. కంది ఊరు దాటినంక యాదగిరన్న కిటికీ దిక్కు చూసుకుంట ఏందో అన్నడు. పెదవులు కనబడలే. ఒక్క మాట గాదు, శానసేపు. తిట్టిండో, పరేషాన్ గాకు అన్నడో. కోర్టుల అంత అయినంక, ఏందన్నా అని ఇంకోసారి అడగబుద్ధి కాలే. తలకాయ ఊపిన. వదినె ఆ ఎండకాలమే పోయింది. ఆయన ఇంకో రెండేండ్లున్నడు. రోజు పొద్దుగూకే యాళ్లకు వచ్చి ఇదే వరండల కూసునెటోడు, కోర్టు ముచ్చట ఒక్కనాడు ఎత్తలే. కని అంతకుముందు ఎడమ దిక్కు కూసునే మనిషి, ఆ బస్సు దినంకెల్లి కుడి దిక్కు కూసునుడు మొదలువెట్టిండు. నేను చెప్పలే ఆయనకు, ఏ చెవి మంచిదో.

ఫ్యాను ఆగింది, కరెంటు పోయినట్టున్నది. ఉండు, గోడ మీద చెయ్యి పెట్టనీ. ఇప్పుడు బ్యాటరీలు పెట్టిండ్రంటరు, జనరేటర్ తీసేసిండ్రంటరు. నడుస్తున్నదా అనిల్? అటు చూసుకుంట చెప్పకు. ఇటు తిరిగి చెప్పు.