పచ్చచుక్క

పసివాడు నిద్రపోయాడు. కోడలు మంచం మీద బట్టలు మడతపెడుతోంది. అత్తగారు ఫోను ముఖానికి దగ్గరగా పట్టుకుని కుర్చీలో కూర్చుంది.

"పక్కింటావిడ మెట్ల దగ్గర నలుగురిలో ఏమందో తెలుసా? 'మీ కోడలు పిల్లాడికి మొగుడి పేరే పెడుతోందటగా, అయితే ఆశ వదిలేసుకున్నట్టేగా' అంది. నా తల ఎక్కడ పెట్టుకోను?"

"మన పొయ్యి మీద ఏం ఉడుకుతోందో కూడా ఆవిడకే కావాలి. వదిలేయండి అత్తయ్యా."

"ఆవిణ్ణి వదిలేస్తాలే. నువ్వు చెప్పు. అన్నావా, లేదా?"

"రేపు నమోదు చేయించాలి. ఏదో ఒక పేరు చెప్పాలిగా."

"ఏదో ఒకటి చెప్పు. వాడిది మాత్రం వద్దు. మీ మామయ్యది వాళ్ల తాత పేరు. నా కొడుకుది మా నాన్న పేరు. ఆ ముసలాళ్లు పోయాకే ఇవి వచ్చాయి. బతికున్నవాడి పేరు ఊడబీకి ఇంకొకడికి తొడగడం ఈ ఇంట్లో లేదు."

"ఆయన పనికెళ్లిన సొరంగం కూలి ఎన్నాళ్లయింది అత్తయ్యా..."

"ఎన్నాళ్లయితేనేం? వాణ్ణి ఎవరైనా బయటికి తీశారా? కళ్లతో చూశారా? ఇదిగో, ఫోనులో వాడి పేరు పక్కన పచ్చచుక్క, ఉన్నాడని. చూడు. చూడవేం?"

"చూశాను."

"నువ్వు పురిటికి ఆసుపత్రిలో ఉన్నన్నాళ్లూ కళ్లలో వత్తులేసుకుని చూశా. ఒక్కసారి ఆరితే ఒట్టు!"

"ఆరలేదా?"

"ఆరలేదు. ఏం, అలా మొహం పెట్టావ్?"

"ఏం లేదు... అత్తయ్యా, ఆ చుక్క మనిషి కాదు. ఆఫీసులో నా పనే అది. ఒకప్పుడు ఫోను తలుపు కొట్టి, కావాల్సింది అడిగి పుచ్చుకునేది. వెంటనే తలుపు మూసేసేవాళ్లు. ఇప్పుడు ఒకసారి తీసిన తలుపు తీసే ఉంచుతారు. ఇంకా ఉందో లేదోనని అవతలి కంప్యూటరు మాటిమాటికీ 'ఉన్నావా?' అంటుంది. ఫోను 'ఉన్నా' అంటుంది. అంతే. మనిషితో పనిలేదు."

"మీ మామయ్యా అంతే. నేను కేకేస్తే నిద్దట్లోనే 'ఆఁ' అనేవాడు."

"నవ్వులాట కాదత్తయ్యా."

"నేనూ నవ్వట్లేదు. ఫోను పలుకుతోందంటే వాడి జేబులో ఉన్నట్టేగా?"

"లోపలికి ఫోను తీసుకెళ్లనివ్వరు. సొరంగం వాకిట్లోనే పెట్టెలో వేసి వెళ్లాలి. ఎవరైనా అంతే."

"అయితే ఆ పెట్టెలో ఉందా?"

"పెట్టెలో... లేదు."

"మరెక్కడుంది? బ్యాటరీ ఇన్నాళ్లు ఉంటుందా? ఎవరో ఒకరు పెట్టాలిగా దానికి..."

"నా బీరువాలో ఉంది. దుప్పట్ల కింద."

"ఊఁ."

"కంపెనీవాళ్లు తెచ్చిచ్చారు. మీరేమో లేవగానే ఆ చుక్క చూసుకుంటే గానీ నోట్లో ముద్ద పెట్టట్లేదు. అందుకని మీరు స్నానానికెళ్లినప్పుడు ఛార్జింగు పెట్టి, మళ్లీ దాచేసి... ఇక నావల్ల కాదత్తయ్యా. తిట్టండి, కొట్టండి. ఆయన లేరు. కనీసం ఆ పేరైనా ఉండనివ్వండి ఇంట్లో. ఇన్నాళ్లూ మిమ్మల్ని మోసం చేశాను, నిజమే."

"మోసమా? నువ్వు ఆసుపత్రిలో పడుకుంటే, దానికి ఛార్జింగు పెట్టిందెవరనుకున్నావే?"