ఆషాఢంలో అరుగు మీద అల్లుడు

"అవ్వా, ఈ తెడ్డు చూడు, కొసంతా అరిగిపోయి గరిటె మాదిరి అయిపోయిండాది. పారేసి కొత్తది తెచ్చుకోవచ్చు గదా?"

పారేసేదా? ఇట్టియ్యి. వద్దులే, నీ చేతిలోనే ఉండనీ, అట్ట కూర్చో. ఎసట్లో నూకలు పడినాయి, పిండి పోసినా, అది ఉడికే లోపల చెప్పేస్తా. ఇది ఉదయగిరి తెడ్డు. నర్ది చెక్క. కొండ కింద వీధిలో చెక్కుతారే, గరిటెలూ, దువ్వెనలూ, అవీ ఇవీ. ఇప్పుడంటే ఎగ్జిబిషన్లకి పోతా ఉండాయంట, ఆ రోజుల్లో మనకి కావాల్సింది తెడ్డూ కవ్వమూ, అంతే. అర్ధరూపాయి. కాదు, ముప్పావలా అనుకుంటా. మీ తాత తెచ్చినాడు. తెచ్చినోడు నా చేతిలో పెట్టేదానికి దగ్గర దగ్గర నెల పట్టింది ఆయనకి. నవ్వబాక, నిజం.

నీకు తెలుసు గదా, మా పుట్టిల్లు వరికుంటపాడు పక్కన. చెరువు కింద కయ్యలు, మూడు పూటలా వరన్నం తినే ఇల్లు. అట్టాంటి ఇంట్లో పెరిగినదాన్ని ఈ సీతారాంపురం మెట్టకి ఇచ్చినాడు మా నాయన. సంబంధం మంచిది, పిల్లోడు నెమ్మదస్తుడు అన్నారు. వైశాఖంలో పెళ్ళి. నీ పెళ్ళీ వైశాఖమే గదా. నాకు పదిహేడేళ్ళు. పెళ్ళిలో ఆయన మొకం నేను సరిగ్గా చూడనే లేదు, తలంబ్రాలు పోసేటప్పుడు ముక్కు మాత్రం కనబడింది. ముక్కు బాగుందిలే.

ఈడికొచ్చినాక తెలిసింది, ఈడ సంగటి. పొద్దున సంగటి, రాత్రి సంగటి. మా అత్త కెలికేది, నేను చూస్తా ఉండేదాన్ని. చూసేది వేరు, కెలికేది వేరు. జ్యేష్ఠం ఆఖర్లో మా అత్తకి జొరం వచ్చింది. చేలో గుంటక తోలేదానికి ఎనిమిది మంది వచ్చిండారు. పెద్ద సట్టి పొయ్యి మీద పెట్టి, కాళ్ళతో అదిమి పట్టుకొని, చెమటలు కారతా కెలికినా. ఉండలు కట్టింది. ఒక్కొక్క ఉండా నిమ్మకాయంత. ముద్ద విరిస్తే లోపల తెల్లగా పిండి.

మీ తాత చూసినాడు. అందరి ముందరా అన్నాడు, "మీ అమ్మ నీకు సంగటి కెలికేది గూడా నేర్పించలేదా?" అని. ఆ ఎనిమిది మందీ నవ్వినారు. నన్నంటే ఓర్చుకుందును పాపా. మా అమ్మని అనేసరికి నాకు ఒళ్ళు తెలీలా. చేతిలో తెడ్డు ఉండాదా, దాన్ని తీసి రోటికేసి కొట్టినా. రెండు ముక్కలు. మా అత్త కాపరానికొచ్చినప్పటి తెడ్డు అది. ఆయన చేతులు కడుక్కోని చేలోకి పోయినాడు. అదీ జరిగింది.

నాలుగు రోజులకి ఆషాఢం. మా నాయన వచ్చి పిలుచుకోని పోయినాడు. దోవలోనే అంతా చెప్పి ఏడ్చినా. మా నాయనకి బో కోపం. ఊర్లో పెద్దరికం చేసే మనిషి, మాటంటే మాటే. శ్రావణం రానీ, పెద్దమనుషుల్ని పిలిపించి తేల్చేస్తా, నా కూతురు ఆ మెట్ట ఎక్కేది లేదు అన్నాడు. నేనూ ఊఁ అన్నా. ఊఁ అనేది ఎంత సులువు. అప్పటికి ఆయనతో నేను కాపరం చేసింది నిండా రెండు నెల్లు గూడా లేదు.

మొదటి వారం బాగానే ఉండాది. అమ్మ చేతి అన్నం, నా చాప, నా మూల. రెండో వారం నుంచి బస్సు చప్పుడు వినిపిస్తే చెవి అటే పోతా ఉండాది. అల్లుడు ఆషాఢంలో అత్తగారి గడప తొక్కగూడదు, నాకు తెలుసు. తెలిసినా, ఒక కార్డు ముక్క రాయగూడదా? ఎవురితోనన్నా ఒక కబురు పంపగూడదా? ఫోన్లు లేవు గదా అప్పుడు. నేనంటే ఇష్టం లేదు, తెడ్డుతోపాటే తెగిపోయింది అనుకున్నా. ఎవురికీ చెప్పలా. గొడ్ల పాకలో కూర్చోని ఏడ్చేదాన్ని.

ఒక మంగళవారం, మిద్దె మీద చింతపండు ఎండబెట్టినాం. మబ్బు పట్టింది. నేను పైకెక్కి చాప చుడతా ఉండా. ఊరికే అట్ట వీధిలోకి చూసినా. ఎదురుగా శెట్టి అంగడి ఉండేది. ఆ అరుగు మీద గోడకి ఆనుకోని కూర్చోనుండాడు మీ తాత. ఒళ్ళో తుండుగుడ్డలో చుట్టింది ఏందో పొడుగ్గా ఉండాది. మా గుమ్మం పక్కే చూస్తా ఉండాడు. నన్ను చూడలా.

చాప ఆడే వదిలేసి కిందికొచ్చి మా అమ్మని పట్టుకున్నా. మా అమ్మ కొంగు నోట్లో కుక్కుకోని ఏడ్చింది. అప్పుడు చెప్పింది. ఆషాఢం వచ్చినప్పటి నుంచి ప్రతి మంగళవారం వస్తా ఉండాడంట. ఈడ నుంచి ఉదయగిరికి నడిచి, ఆణ్ణించి బస్సులో. మాపిటేళ దాకా ఆ అరుగు మీద కూర్చోని పోతా ఉండాడంట. మా నాయన చూసినాడు. చూసి, పాపకి చెప్పబాకండి అని ఇంట్లో అందరికీ ఆన పెట్టినాడు. మంగళవారమొస్తే నన్ను పెరటి పనికే పెట్టేది అందుకేనంట. వాడొచ్చి కూర్చోనుండాడని తెలిస్తే పిల్ల మెత్తబడిపోద్ది, ఇంక తేల్చేదానికి ఏముంటది అని. మా నాయన చెడ్డోడు కాదు. కూతురు ఏడస్తా వచ్చిందే అని ఆయన కడుపుమంట. కానీ తప్పు చేసినాడు.

నేను వాకిట్లోకి వస్తే మా నాయన గుమ్మం పక్కన మంచం మీద ఉండాడు. యాడికి అన్నాడు. నేను అడిగేసినా. "గడప తొక్కగూడదనింది ఆయనకి గదా నాయనా. నన్నెవురు దాటొద్దన్నారు?" నేను దాటినా.

అంగడి అరుగు కాడికి పోయి నిలబడినా. ఏం మాట్లాడతాడా అని చూస్తే, మీ తాత నేల చూస్తా ఉండాడు. అట్ట చూస్తానే అన్నాడు గదా, "ఇంట్లో తెడ్డు లేదు. అమ్మ గరిటెతో కెలకతా ఉండాది" అని. గుడ్డ విప్పి ఇది నా చేతిలో పెట్టినాడు. కొత్త చెక్క వాసన. నేనన్నా, మా అమ్మని అనింది తప్పు అని. తప్పే అన్నాడు. తెడ్డు ఇరగ్గొట్టింది నాదీ తప్పే అన్నా. ఆయన నవ్వినాడు. అప్పుడు చూసినా మొకం నిండా. ముక్కొకటే కాదు, మనిషంతా బాగుండాడు.

మా అమ్మ ఆయనకి అన్నం ఆ అరుగు మీదికే తెచ్చి పెట్టింది. శెట్టి విస్తరాకు ఇచ్చినాడు. శ్రావణంలో మా నాయనే నన్ను తెచ్చి ఈడ దిగబెట్టినాడు, పెద్దమనుషుల్ని ఎవుర్నీ పిలవలా.

ఆ తర్వాత కొట్లాడుకోలేదనుకుంటా ఉండావా? యాభై రెండేళ్ళు పాపా. పిలకాయల కోసరం, పొలం కోసరం, ఏమీ లేనిదానికి గూడా కొట్లాడుకున్నాం. మూడేసి రోజులు మాటలే ఉండేవి కావు. అయితే ఎవురో ఒకరు ముందు లేచి వచ్చేవాళ్ళం. ఎవురనే లెక్క పెట్టుకోలా. ప్రేమంటే ఏందో నాకు మాటల్లో చెప్పేది రాదు, నాకు తెలిసింది అంతే. నాలుగేళ్ళ కింద నెల్లూరు ఆస్పత్రిలో, ఆఖరి రోజుల్లో మీ తాతకి మాట రాలా. నన్ను చూసి చెయ్యి పైకెత్తి ఇట్ట, గుండ్రంగా తిప్పినాడు. నర్సమ్మ నీళ్ళేమో అని గ్లాసు తెచ్చింది. నాకు తెలిసింది. సంగటి కెలికినట్టు తిప్పతా ఉండాడు, నన్ను నవ్వించేదానికి. నేను నవ్వినా. నవ్వి, బయటికి పోయి ఏడ్చినా.

ఉండు, కళ్ళు తుడుచుకోనీ. పొగలే.

ఇప్పుడొక మాట చెప్తా, కోపం తెచ్చుకోబాక. పోయిన వారం నువ్వు ఆత్మకూరు నుంచి బ్యాగేసుకోని దిగి, ఆషాఢానికి వచ్చినా అన్నావు. వారమై ఫోన్ చూసి ఏడస్తా ఉండావు. నీ మొగుడు ఆడబిడ్డల ముందర నిన్నేదో ఎగతాళి చేసినాడని, నువ్వు ఆ నంబరు బ్లాక్ చేసినావంట. ఆయబ్బి నా ఫోన్‌కి చేసినాడులే, అందుకే తెలుసు. నేనొక్కటే అడిగినా, చెయ్యి చేసుకున్నావా అని. లేదవ్వా, నోరు జారినా అన్నాడు. నువ్వూ చెప్పు, కొట్టినాడా? కొట్టింటే ఈ తలుపు నేనే వేసుందును, ఏ కతా చెప్పకుందును. లేదు గదా. ఊఁ.

మొన్న శనివారం వచ్చినాడు. ఎదురుగా పాలకేంద్రం అరుగు మీద మధ్యాన్నం దాకా కూర్చోని పోయినాడు. నేను చూసినా. నీకు చెప్పలా. నీ ఏడుపు చూసి నాకు కడుపు మండింది, కూర్చోనీలే అనుకున్నా. ఆ రాత్రి నిద్ర పట్టలా నాకు. మా నాయన చేసిన పనే చేస్తినే అని. నన్నెవురు దాటొద్దన్నారని ఆయన్ని అడిగినదాన్ని నేనే గదా.

ఈ పొద్దు ఏడు గంటల నుంచి మళ్ళీ ఆడే కూర్చోనుండాడు. హెల్మెట్ ఒళ్ళో పెట్టుకోని. నేను తెడ్డు కత చెప్తా ఉండింది అందుకే.

లెయ్యి. తిట్టాలనుంటే తిట్టు, ఎదురుగా నిలబడి తిట్టు. వద్దనుకుంటే వద్దని నీ నోటితోనే చెప్పు, ఆయబ్బి వింటాడు. మీ నాయన ఏమన్నా అంటే నేను చూసుకుంటా. కొంగు సర్దుకో, మొకం కడుక్కోబాక, ఏడ్చిందని తెలియనీ. చల్లగా ఉండు తల్లీ, పో. గడప తొక్కగూడదనింది ఆయబ్బికి గదా.

ఉండుండు. ఆ తెడ్డు ఇట్టిచ్చి పో. సంగటి ఉడికిపోయింది, కెలికి ఇద్దరికీ అరుగు మీదికే తెస్తా.