హైకోర్టులో దొరబాబు వాదన

"నాను పెద్దగా సేసిందేటీ నేదు బావా. మన కంపెనీ ఎండీని కోర్టులో ఒక గంట నిలబెట్టాను, అంతే."

దొరబాబు ఇలా మొదలుపెట్టాడంటే ఆటోనగర్‌లో నూకాలు టీకొట్టు బెంచీ నిండిపోతుంది. మూతబడ్డ ఫౌండ్రీలో అతను ఇరవై రెండేళ్లు పనిచేశాడు. పక్కన కూర్చున్న ఎల్లాజీ అక్కడే కొలిమి దగ్గర ఉండేవాడు. టీ వడగడుతున్న నూకాలు మొగుడిదీ అదే ఫౌండ్రీ. రావలసిన డబ్బు రాకుండానే పోయాడు.

"ముప్పై ఎనిమిది మందిమి. కోటీ పద్దెనిమిది లక్షల బకాయి. రెండు నెలల్లో కట్టమని హైకోర్టు ఆర్డరిచ్చింది. కట్టాడా? కట్టనేదు. కోర్టు ధిక్కారం కేసెయ్యమని లాయరుకి సెప్పిందెవుడు? నానే. వాయిదా రోజున అమరావతి ఎల్లాం. ఆ తర్వాత ఏటైందో తెలుసా?"

"ఏటైంది బావా?" అన్నాడు ఎల్లాజీ.

"మన లాయరుకి గొంతు పట్టీసింది. నాను లెగిసాను. ఇంగ్లీషులో రెండు గంటలు వాదించాను. జడ్జిగారు భోజనానికి కూడా లెగనేదు. ఆయన క్యారియరు నాకిచ్చీమన్నారు."

"ఏటి కూర?"

"వంజరం ఇగురు. తింటానే వాదించాను. ఎండీ నాలుగు గంటలై నిలబడే ఉన్నాడు..."

"గంటన్నావు కదా."

"మధ్యలో అడ్డు రాకు. కడతావా, జైలుకెల్తావా అన్నారు జడ్జిగారు. అక్కణ్నించే బ్యాంకుకి ఫోన్ కొట్టాడు. అన్నీ ఐదొందల నోట్లు, ఇరవై మూడు వేల ఆరొందలు. వరసగా పరిస్తే మూడున్నర కిలోమీటర్లు, లెక్కేసుకో. లారీ వస్తాదని హైవే మీద గోపాలపట్నం దాకా బళ్లు ఆపీసారు. పోర్టులో ఓడలన్నీ కూత పెట్టాయి. మూట దించబోతే క్రేను వొంగిపోయింది."

"నోట్లకే?"

"వడ్డీ చిల్లరలో ఇమ్మన్నాను నాను. కచ్చకొద్దీ."

బెంచీ అంతా నవ్వింది. నూకాలు నవ్వలేదు. గ్లాసు అతని ముందు పెట్టింది.

"ఆ రోజు నానూ వచ్చాను అన్నయ్యా. ఎనక బెంచీలో కూర్సున్నాను. కంపెనీ లాయరు ఓచర్ల కట్ట పైకిచ్చాడు. తలా పదివేలు. మొత్తం ముట్టింది, ఇంక బాకీ నేదని రాసుంది. జడ్జిగారు పైనున్న ఓచరు సూపించి, ఈ సంతకం నీదేనా అని అడిగారు. 'నాదే బాబూ' అన్నావు. ఆ ఒక్క మాటే నువ్వన్నది. కేసు మూసీసారు."

దొరబాబు గ్లాసు ముట్టుకోలేదు.

"పెట్టినప్పుడు అందులో ఏటీ రాసి నేదు సెల్లీ. ఆర్డరొచ్చాక పిలిచి, బకాయిలో అడ్వాన్సన్నాడు మేనేజరు. స్టాంపు మీద సంతకం పెట్టు, అంకె తర్వాత ఏసుకుంటానన్నాడు. జీతాల రోజున ఇరవై రెండేళ్లు అలాగే కదా పెట్టాం."

"నీది సూసే మేమందరం పెట్టాం బావా," అన్నాడు ఎల్లాజీ, నేల వైపు చూస్తూ.

"మా ఆయన పేరు మీద నానేసిన ఏలిముద్రా ఆ కట్టలోనే ఉంది. మూడు లక్షల పదివేలు రావాలి మాకు. వచ్చిన పదివేలు ఆస్పత్రి బాకీకే సాలనేదు."

నూకాలు పొయ్యి మంట తగ్గించింది.

"ఆ రెండు గంటల ఇంగ్లీషు ఎందుకన్నయ్యా. ఓచరు ఖాళీగా ఉన్నప్పుడు పెట్టించారని తెలుగులో ఒక్క ముక్క సెప్పుంటే సాలు."